గుంపు నర్తకి నుండి సాధ్వి తెరేసా వఱకు

స్పెయిను దేశపు వెండితెర చరిత్రను వ్రాయువారు కోంచా వెలాస్కో ప్రసక్తి వచ్చినంతనే ఆమె నటజీవితమును నడిమికి ఖండించి రెండు తునకలుగా పాఠకుల ముందుంచుట చాలకాలముగా వాడుకయై యున్నది. 1950ల చివర మొదలై 1970ల తొలినాళ్లవఱకు సాగినది మొదటి తునక. అందు హాస్యచిత్రములు, ఆటపాటలు, చిలిపి నవ్వులు, చివరి రీలులో తప్పని పెండ్లి. 1974 తరువాతిది రెండవది. అందు గాల్దోస్ నవలలోని గృహిణి, అంతర్యుద్ధపు గాయములు, పదునాఱవ శతాబ్దపు సాధ్వి, గ్రీకు విషాదనాటకపు రాణి. మొదటిదానిని పసితనపు తప్పుగా క్షమించి, రెండవదానిని ప్రౌఢిమగా కొనియాడుటతో ఆ చరిత్రకారుల పని ముగియును. ఈ విభజన గ్రంథరచనకు సౌకర్యమైనదే కాని, ఆమె చిత్రములను ఒకదాని వెంట నొకటిగా చూచినవారి కన్నుల యెదుట అది నిలువదు. మారినది నటికన్న హెచ్చుగా ఆమె చుట్టునున్న దేశము; ఆమె చేతిలోని పనిముట్లు మాత్రము బాల్యమున నాట్యశాలలో అలవడి, యౌవనారంభమున గుంపు నర్తకిగా రంగస్థలముపై పదునెక్కినవే. ఈ సమీక్షలో నేను నిలుపదలచిన వాదమిది.

ఆమె 1939 నవంబరు 29న కాస్తీయా ప్రాంతమునందలి వయ్యదోలిద్ పట్టణమున జన్మించినది. అప్పటికి అంతర్యుద్ధము ముగిసి ఎనిమిది నెలలు మాత్రమే గడచినవి. తండ్రి సైనికాధికారి, తల్లి ఉపాధ్యాయిని. తండ్రి ఉద్యోగమును బట్టి కుటుంబము కొంతకాలము స్పెయిను ఏలుబడిలోని మొరాకోలో, అట్లాంటికు తీరమునందలి లరాచే పట్టణమున కాపురముండెను. పిమ్మట మాద్రిదుకు వచ్చి, అచటి జాతీయ విద్యాలయమున శాస్త్రీయమైన బాలే నృత్యమును, స్పెయిను దేశీయ నృత్యమును అభ్యసించినది. లా కోరున్యా సంగీతనాటకశాలలో నర్తకీబృందమున ఒకతెగాను, ఫ్లమెంకో గాయకుడు మనోలో కరకోల్ బృందమున మఱియొకతెగాను పనిచేసి, తుదకు సెలియా గామెస్ కొలువులో చేరినది. ఈ చివరి కొలువును గూర్చి కొంచెము విస్తరించి చెప్పక తప్పదు. ఏలయన, ఆమె జీవితచరిత్రలు వ్రాసినవారు ఒక్క వాక్యములో దాటిపోవు ఈ ఘట్టమే నా దృష్టిలో తక్కినదాని కంతటికి పునాది.

సెలియా గామెస్ అర్జెంటీనాలో పుట్టి మాద్రిదు రంగస్థలమును దశాబ్దములపాటు ఏలిన నర్తకి, గాయని, నాటకసమాజాధినేత్రి. ఆమె నడిపినవి రెవిస్తాలనబడు ప్రదర్శనలు: పాట, నృత్యము, హాస్యఘట్టము, మెఱయు దుస్తులు, కథ పేరిట ఒక సన్నని దారము. నియంత ఫ్రాంకో ప్రభుత్వపు నిషేధాధికారులు పావడా ఎంత పొడవుండవలెనో, వక్షఃస్థలము ఎంత కప్పబడవలెనో నిర్ణయించుచుండిరి. పాటలోని శ్లేషను పట్టుకొనుటకు వ్రాతప్రతిపై ఎఱ్ఱసిరా గీతలు గీయుచుండిరి. అట్టి ప్రదర్శనలో గుంపు నర్తకికి మాటలు లేవు, పేరు లేదు. పెద్ద మెట్లవరుసపైనుండి పాదములవైపు చూడక, నవ్వు చెదరనీయక, తలపైని ఈకల కిరీటము కదలనీయక దిగివచ్చుట ఆమె పని. దినమునకు రెండు ఆటలు. వారమున కేడు దినములు. ప్రేక్షకుల నవ్వు ఎచట పుట్టునో, ఎంతసేపు నిలుచునో, అది పూర్తిగా చల్లారకముందే తరువాతి మాట ఎచట అందుకొనవలెనో ఈ పని నేర్పినట్లు మఱియే పాఠశాలయు నేర్పజాలదు. మాట రాకపూర్వమే శరీరమును పలికించుట ఆ వృత్తిలో బ్రతుకుతెరువు. వెలాస్కో తరువాతి అభినయమునందు విమర్శకులు మెచ్చుకొను నిశ్శబ్దములన్నియు ఈ మెట్లమీదనే అలవడినవని నేననుకొందును.

చిత్రసీమలో తొలి అడుగు 1950ల నడుమ ‘లా రేయ్నా మోరా’ అను చిత్రముతో పడినది. దానిని గూర్చి చెప్పదగినది అంతకుమించి లేదు. పేరు వచ్చినది 1958లో, రఫాయేల్ సాల్వియా తీసిన ‘రెడ్ క్రాస్ అమ్మాయిలు’ అను చిత్రముతో. వేర్వేరు అంతస్తులకు చెందిన నలుగురు యువతులు రెడ్ క్రాసు చందాల దినమున చేతిలో డబ్బాలు, చిన్నచిన్న కాగితపు జెండాలు పట్టుకొని మాద్రిదు వీథులలో తిరుగుదురు. సాయంకాలమునకు ఒక్కొక్కతె ప్రేమకథ ఒక్కొక్క కొలికికి వచ్చును. కథలో బరువేమియు లేదు. కాని ఆ చిత్రము రంగులలో తీయబడినది. అందలి మాద్రిదు ఎండలో కడిగినట్లు మెఱయుచుండును. యుద్ధానంతరపు ఆకలి, రేషను చీట్లు, చీకటిబజారు అను మాటలు ఆ నగరమున ఎన్నడును వినబడనట్లుండును. దేశము మూసిన తలుపులను కొంచెముగా తెఱచి విదేశీ యాత్రికులను ఆహ్వానించుటకు సిద్ధపడుచున్న కాలమది. మఱుసటి యేడే, అనగా 1959లో, ఆర్థిక స్థిరీకరణ ప్రణాళిక వచ్చినది. అట్టి ముస్తాబు చేసిన నగరమున వెలాస్కో పోషించిన పేటపిల్ల మాత్రము నిజమైనదిగా కన్పట్టును. ఆమె నడకలో తొందర కలదు. గొంతులో కొంచెము గఱుకుదనము కలదు. ప్రియునితో జగడమాడునపుడు చేతులు నడుమునకు చేరును. తక్కిన ముగ్గురు బొమ్మలవలె నుండగా ఆమె ఒక్కతె ఆ వీథులలో నిజముగా కాపురమున్నదానివలె నుండును.

ఆ చిత్రమున ఆమె ప్రియుడుగా నటించిన టోనీ లెబ్లాంక్ కూడ రెవిస్తాలనుండి వచ్చినవాడే కావుటచేత వారిద్దఱి నడుమ లయ మొదటినుండియు కుదిరినది. పేద్రో లసాగా 1959లో తీసిన ‘లోస్ త్రాంపోసోస్’ అను చిత్రమున లెబ్లాంక్ చిల్లర మోసగాడు. నోట్లకట్టను బొమ్మకాగితములుగా భ్రమించు వెఱ్ఱివానివలె నటించి అత్యాశాపరుని దోచు ఘట్టము స్పెయినులో నేటికిని ఇంటింట చెప్పుకొను హాస్యము. అందు వెలాస్కో పని అతనిని దారికి తెచ్చుట. అనగా నాటి హాస్యచిత్రములు స్త్రీకి ఒసగిన ఏకైక పని. ఈ చిత్రములన్నియు గొప్పవని చెప్పుటకు నేను సాహసింపను. కొన్నింటిని నేడు చివరివఱకు చూచుటకు మిక్కిలి ఓర్పు కావలెను. అయినను ఒక్క సంగతి గమనింపదగినది. సంభాషణ బలహీనమైనచోట ఆమె దానిని వేగముతో దాటించును. సంభాషణయే లేనిచోట కనుబొమలతో నింపును. చెడ్డ ఘట్టమును మంచి నటి ఎట్లు నిర్వహించునో తెలియగోరువారికి ఈ చిత్రములు కావలసినంత సామగ్రి నొసగును.

1965వ సంవత్సరపు ‘టెలివిజను కథలు’ అను చిత్రముతో ఆమె కీర్తికి ఒక ముద్ర పడినది; ఆ ముద్ర ఆమెను కడవఱకు విడువలేదు. స్పెయిను ప్రభుత్వ టెలివిజను 1956 అక్టోబరు 28న ప్రసారములను ప్రారంభించి, 1964లో ప్రాదో దెల్ రే స్టూడియోలకు మారినది. మధ్యతరగతి ఇండ్లలో పెట్టె చేరుచున్న ఆ దినములలో, దానిలో కన్పడుటయే భాగ్యమని తలచు సామాన్యులను గూర్చి ఈ చిత్రము. గాయని కావలెనని తహతహలాడు కాతి అను యువతిగా వెలాస్కో అందు ‘లా చీకా యేయే’ అను పాట పాడినది. అగూస్తో అల్గెరో కట్టిన ఆ బాణీ పిల్లలనుండి ముదుసళ్లవఱకు అందఱి నాలుకలపై నాటుకొనినది. బీటిల్సు గాలి సోకిన యువతరమునకు స్పెయినులో ‘యేయే’ యని పేరు. చెదరిన జుట్టు, రంగు మేజోళ్లు, తల్లికి నచ్చని సంగీతము దాని లక్షణములు. ఆ తరమునకు వెలాస్కో ప్రతిరూపమైనది. విచిత్రమేమన, ఈ చిత్రమును తీసిన హోసే లూయిస్ సాయెన్స్ దే ఎరేదియా 1942లో సాక్షాత్తు ఫ్రాంకో వ్రాసిన కథను ‘రాసా’ యను పేర తెరకెక్కించినవాడు, 1964లో ఆ నియంతపై స్తుతిచిత్రమును నిర్మించినవాడు. యువతరపు అల్లరి సయితము పాలకులకు ఇష్టుడైన దర్శకుని చేతిమీదుగనే తెరపైకి వచ్చినదన్నమాట. అంతమేరకు ఆ అల్లరి కోరలు తీసినదే. అతడే 1967లో మనోలో ఎస్కోబార్ అను జానపదబాణీ గాయకునితో ఆమెను జతచేసి, సంప్రదాయపు పాటకును విదేశీ పాటకును పోటీ పెట్టిన మఱియొక చిత్రము తీసెను. ఆ జంట మఱి మూడు చిత్రములలో కొనసాగెను. వానిని గూర్చి ఇచట ఆగనక్కఱలేదు.

ఆగవలసినది మఱియొకచోట. ఈ పాటల కాలముననే, 1966లో, ప్రభుత్వ టెలివిజను ‘ఎస్తూదియో 1’ అను నాటకశీర్షికలో సోరియ్యా వ్రాసిన ‘దోన్ హువాన్ తెనోరియో’ను ప్రసారము చేసినది. నవంబరు తొలిదినమున వచ్చు సర్వసాధువుల పండుగనాట ఆ నాటకమును ప్రదర్శించుట స్పెయినులో తరతరముల ఆచారము. ఫ్రాన్సిస్కో రబాల్ దోన్ హువానుగాను, వెలాస్కో కన్యకాశ్రమమున పెరిగిన దోన్యా ఇనేసుగాను నటించిరి. గడచిన యేడు ‘యేయే’ పాట పాడిన కంఠముననుండి పద్యసంభాషణ ఎట్టి తడబాటును లేక, ఛందస్సు చెడక, ఊపిరి తప్పక వెలువడినది. విభజనవాదులు దీనికి సమాధానము చెప్పవలెను. 1971లో ఆమె అంతోనియో బుయెరో వయేహో వ్రాసిన ‘దేవతల రాక’ అను నాటకమున నటించినది. బుయెరో సామాన్యుడు కాడు. అంతర్యుద్ధానంతరము మరణశిక్ష పడి, అది తగ్గింపబడి, ఆఱేండ్లకు మించి చెఱసాలలో నుండి వచ్చిన నాటకకర్త. ఆ నాటకమున తోడినటుడు హువాన్ దియేగో. నటీనటుల హక్కులకై రహస్యముగా సంఘటన నడుపుచున్నవాడు. ఆమె రాజకీయచైతన్యమునకు అతని స్నేహము కారణమైనది. 1975 ఫిబ్రవరిలో మాద్రిదు నాటకశాలల తలుపులు మూయించిన నటీనటుల సమ్మెలో ఆమెయు పాల్గొనినది. సైనికాధికారి కూతురు, సాయెన్స్ దే ఎరేదియా చిత్రముల కథానాయిక, సమ్మెకారుల నడుమ నిలుచుట ఆనాటి పాలకులకు రుచించియుండదు.

ఇక పేద్రో ఒలేయా చిత్రములు. 1974లో అతడు గాల్దోస్ నవల ‘తోర్మెంతో’ను తెరకెక్కించెను. నవల 1884 నాటిది. 1868 విప్లవమునకు పూర్వపు మాద్రిదు దాని రంగము. అంపారో అను అనాథయువతి దూరపు బంధువుల ఇంట చాకిరి చేయుచుండును. అమెరికానుండి ధనవంతుడై తిరిగివచ్చిన బంధువు ఆమెను వలచును. ఆమె గతమున ఒక మతాచార్యునితోడి సంబంధము కలదు. అంపారోగా ఆనా బెలెన్ నటింపగా, వెలాస్కోకు వచ్చినది ఇంటి యజమానురాలు రోసాలియా దే బ్రింగాస్ పాత్ర: రాచనగరులో చిన్న ఉద్యోగి భార్య, డాబుసరి, పిసినారి, అసూయాపరురాలు. ముప్పదియైదేండ్లైనను నిండని కథానాయిక, ప్రేక్షకులకు అభిమానపాత్రురాలు, ఇట్టి పాత్రను అంగీకరించుటయే విశేషము. చిత్రాంతమున రైలుస్టేషనులో ఆ ధనికుడు అంపారోను వెంటబెట్టుకొని, పెండ్లి యనుమాట తలపెట్టకయే, విదేశమునకు సాగిపోవును. వీడ్కోలు చెప్పవచ్చిన రోసాలియా ముఖము తెరనిండ కన్పట్టును. మర్యాదస్తురాలి చిఱునవ్వు మెల్లగా బిగిసి, కన్నులు చిన్నవై, పెదవులు ఆ పరువుగల స్త్రీ పలుకగూడని తిట్టును మరల మరల పలుకును. అంతకుముందు చిత్రమంతటను మనమామెను చూచి నవ్వియుంటిమి. ఇపుడా నవ్వు గొంతులో చిక్కుకొనును. ఈ ఘట్టమును ఆమె ‘గంభీరనటన’ కు ఆరంభమని ఉదాహరింతురు. నాకు మాత్రమిది హాస్యనటి పనిగనే తోచుచున్నది. ముఖమును ఒక భావమున నిలిపి, సరిగా ఎన్ని క్షణములు ఆగి, ఎపుడు విఱువవలెనో తెలిసినవారికే అది సాధ్యము. ఆ కొలత లెబ్లాంకుతో జగడములాడిన దినములనాటిది.

‘పిం, పాం, పుం... ఫుయేగో’ ఫ్రాంకో ఇంకను బ్రతికియుండగనే, 1975లో వచ్చినది. ఒలేయాతో కలసి దీనిని వ్రాసినవాడు రఫాయేల్ అస్కోనా. స్పెయిను చిత్రకథారచయితలలో అగ్రగణ్యుడు. కథాకాలము 1940ల ఆకలిమాద్రిదు. పాకా అను గుంపు నర్తకి, కాలు చేయి ఆడని తండ్రిని పోషించుచు, నాటకసమాజములలో చిన్న అవకాశములకై తిరుగుచుండును. రైలులో తారసపడిన ఒక పరాజిత ప్రజాతంత్రయోధుని జాలిచే ఇంట దాచును. హూలియో అను చీకటిబజారు వర్తకుడు ఆమెకు నాటకములో వేషమిప్పించును, కాపురమునకు ఇల్లిచ్చును, దానికి వెలయు పుచ్చుకొనును. చివరకు ఆ వర్తకుడే ఆమెను కాల్చి చంపును. ఫెర్నాందో ఫెర్నాన్ గోమెస్ ఆ వర్తకుని ఒక దుష్టునిగా గాక మర్యాదగల పెద్దమనిషిగా నటించుట చిత్రమునకు వెన్నెముక. వెలాస్కో విషయమున ఇచట ఒక విశేషమున్నది: ఆమె తాను పదునెనిమిదేండ్లనాడు చేసిన వృత్తినే ఇచట అభినయించుచున్నది. రంగస్థలపు వెనుకగదిలో మేజోడు చిఱుగును దారముతో కుట్టుకొనుట, నాటకాధ్యక్షుని యెదుట వంచని మెడతో పాట పాడి చూపుట, ఆకలితో రొట్టెవంక చూడనట్లు చూచుట మొదలగు పనులు ఒకరు నేర్పినచో వచ్చునవి కావు. ‘రెడ్ క్రాస్ అమ్మాయిలు’ దాచిపెట్టిన నగరము ఇదియే. అదే నటి, అదే నడక, ఈసారి ఎండ లేదు. ఆమె అత్యుత్తమచిత్రమేది యని అడిగినచో నేను వెనుదీయక దీనినే చెప్పుదును.

నియంత 1975 నవంబరు 20న మరణించినతోడనే నిషేధములు సడలి, స్పెయిను తెరపై నగ్నత్వపు వెల్లువ వచ్చినది. దానితోపాటు గతమును తవ్వు చిత్రములును వచ్చినవి. వెలాస్కో నటింపగా హైమే కమీనో 1976లో తీసిన ‘36వ సంవత్సరపు దీర్ఘవిరామము’ అందు మేలైనది. వేసవి విడిదికి పోయిన బార్సెలోనా కుటుంబములు యుద్ధము ముగియువఱకు అచటనే చిక్కుపడుట దాని వస్తువు. 1982లో మారియో కామూస్ సేలా నవల ‘తేనెపట్టు’ను తీసెను. నిషేధాధికారుల భయమున 1951లో బ్వేనోస్ ఐరెస్‌లో అచ్చు కావలసి వచ్చిన నవల అది; చిత్రమునకు 1983లో బెర్లినునందు సువర్ణభల్లూక పురస్కారము లభించెను. నటీనటుల పెద్ద గుంపులో వెలాస్కో భాగము చిన్నది, వేశ్య పాత్ర, నిదురకు చోటులేని కవిని చేరదీయు దయ గలది. ఇట్టి చిన్నపాత్రలను ఒప్పుకొనుటకు ఆమె ఎన్నడును సంకోచింపలేదనుట మాత్రము ఇచట చెప్పదగిన మాట.

1984లో ప్రభుత్వ టెలివిజను ఎనిమిది భాగములుగా ప్రసారము చేసిన ‘తెరేసా దే హెసూస్’ ఆమె కీర్తిశిఖరమనుటలో ఎవరికిని భేదాభిప్రాయము లేదు. కాని దానిని సరిగా అంచనా వేయుటకు ఒక పూర్వకథ తెలియవలెను. ఆవిలా నగరమున 1515లో పుట్టి 1582లో మరణించిన తెరేసా కార్మెలు సన్యాసినుల సంఘమును సంస్కరించినది, పదునేడు ఆశ్రమములను స్థాపించినది, స్పానిషు గద్యమున సాటిలేని ఆత్మకథను వ్రాసినది. ఆమె చెడని హస్తమొకటి రోందా పట్టణపు ఆశ్రమమున పూజలందుచుండగా అంతర్యుద్ధమున అది చేతులు మారి ఫ్రాంకోకు దక్కినది. అతడు దానిని మరణపర్యంతము తన పడకగదిలో ఉంచుకొనెను. అతని ప్రభుత్వము తెరేసాను జాతికి కులదేవతగా, విధేయతకు ప్రతిమగా ప్రచారము చేసెను. ప్రశ్నించిన స్త్రీని, మతవిచారణాధికారులచే అనుమానింపబడిన స్త్రీని, యూదుల సంతతికి చెందిన తాతగల స్త్రీని ఆ ప్రతిమ వెనుక మఱుగుపఱచెను. హస్తము నియంత మరణానంతరము ఆశ్రమమునకు తిరిగి చేరినది. వ్యక్తిని తిరిగి తెచ్చినది మాత్రము ఈ ధారావాహికయే.

దర్శకురాలు హోసెఫీనా మొలీనా స్పెయిను ప్రభుత్వ చలనచిత్ర విద్యాలయమున దర్శకత్వపు పట్టము పొందిన మొదటి మహిళ. రచనలో ఆమెకు తోడ్పడినవారిలో ప్రసిద్ధ నవలాకర్త్రి కార్మెన్ మార్తీన్ గైతే ముఖ్యురాలు. తెరేసా పాత్రకు ‘యేయే’ పిల్లను ఎన్నుకొనుట ఆనాడు పలువుర కనుబొమలు పైకెత్తించియుండును. కాని మొలీనాకు కావలసినది ధ్యాననిమగ్నయైన విగ్రహము కాదు. గాడిదబండ్లపై, బురదదారులలో, కీళ్లనొప్పులతో దేశమంతయు తిరిగి, బిషప్పులతో బేరమాడి, వడ్రంగులకు కూలి లెక్కకట్టి, నవ్వుచు ఆజ్ఞాపించి పని సాధించుకొను ఆశ్రమనిర్వాహకురాలు. ఆ స్త్రీని చూపుటకు నాటకసమాజములతో ఊరూరు తిరిగినదానికన్న తగినదెవతె? వెలాస్కో తెరేసా కన్నులు ఆకాశమునకెత్తి నిలుచుట అరుదు. జబ్బుతో పడకపై కదలలేక పడియున్న యౌవనఘట్టములందు శరీరమంతయు చచ్చుబడియున్నట్లుండి చూపులో మాత్రము జీవముండును. వయసు మీఱినకొలది నడక మారును, భుజములు వంగును, కాని గొంతులో హాస్యము పోదు. దివ్యానుభవఘట్టములలో సయితము ఆమె పరవశత్వముకన్న ఆశ్చర్యమునే చూపినది. తనకేమి జరుగుచున్నదో తానే ఎఱుగని స్త్రీవలె నుండినది. నాడు స్పెయిను దేశమంతటికి ప్రసారము చేయునది ప్రభుత్వ టెలివిజను తప్ప మఱొకటి లేదు. ప్రైవేటు ప్రసారసంస్థలు 1990 ప్రాంతముననే వచ్చినవి. అందుచేత దేశమంతయు ఒకేసారి ఆమెను చూచినది.

సాధ్విపాత్ర తరువాత ఆమె ఏమి చేసినదన్నది విభజనవాదమునకు గొడ్డలిపెట్టు. గంభీరనటిగా పట్టము కట్టించుకొనిన తారలు సామాన్యముగా దానిని దించరు. ఆమె మాత్రము 1986లో ‘అమ్మా, నేను కళాకారిణి నగుదును’ అను సంగీతప్రదర్శనతో తిరిగి మెట్లవరుసకు, ఈకలకు, గొంతెత్తి పాడుటకు మరలినది; 1988లో అంతోనియో గాలా వ్రాసిన ‘కార్మెన్, కార్మెన్’లో పాడి ఆడినది. మఱుసటి యేడే, అనగా 1989లో, మొలీనాయే తీసిన ‘ఎస్కిలాచే’ చిత్రమున, మాద్రిదు ప్రజలు తిరుగబడి తఱిమిన పదునెనిమిదవ శతాబ్దపు మంత్రికి భార్యగా కన్పట్టినది. 1990లలో టెలివిజను కార్యక్రమములకు వ్యాఖ్యాత్రిగా వ్యవహరించినది. నాటకనిర్మాణములందు కలిగిన ఋణబాధను ఆమె దాచుకొనినది కాదు. కావున ఆ కాలపు పనులలో కొన్ని కళకొఱకు, కొన్ని అప్పుకొఱకు అని విడదీయుట తప్పు కాదు.

చిత్రసీమ ఆమెను చూచిన చూపు గూర్చి రెండు మాటలు. స్పెయిను చలనచిత్ర అకాడమీ గోయా పురస్కారములను 1987లో ప్రారంభించునాటికి ఆమె వయస్సు నలువదియేడు. ఒలేయా 1996లో తీసిన ‘ఉద్యానవనమున కావల’, బెర్లాంగా 1999లో తీసిన కడపటి చిత్రము ‘పారిస్-తింబక్తూ’ వంటివి తప్ప ఆ పిమ్మట చెప్పదగిన చిత్రపాత్రలు ఆమెకు విరివిగా దొరకలేదు. పోటీలో ఒక్క గోయా కూడ దక్కలేదు. 2013లో గౌరవపురస్కారము మాత్రము ఒసగిరి. ఏబదేండ్లు దాటిన నటికి కథ వ్రాయని పరిశ్రమ గౌరవపురస్కారముతో ఋణము తీర్చుకొనుట ఆ దేశమునకే ప్రత్యేకము కాదు గదా! టెలివిజను ఈ విషయమున మేలు. ఎద్దులపోటీల కుటుంబకథ ‘ఎరెదేరోస్’లో ఇంటిపెద్దగా 2007 నుండి 2009 వఱకు, సాంతాందేరునందలి మాగ్దలేనా రాజప్రాసాదమున చిత్రీకరించిన ‘గ్రాన్ ఒతెల్’లో పరిచారికల పెత్తనము వహించు ఆంహెలాగా 2011 నుండి 2013 వఱకు, 1928 నాటి మాద్రిదు టెలిఫోను కార్యాలయపు కథ ‘లాస్ చీకాస్ దెల్ కాబ్లే’లో యజమానికుటుంబపు దోన్యా కార్మెనుగా 2017 నుండియు నటించినది. ఈ చివరిది నెట్‌ఫ్లిక్స్ సంస్థ స్పెయినునందు నిర్మింపజేసిన తొలి ధారావాహిక కావున మన ఇండ్లలోనివారును ఆమెను చూచియుందురు, పేరు తెలియకున్నను. ఈ వృద్ధమాతల పాత్రలు ఒకే అచ్చులో పోసినట్లుండునన్న ఆక్షేపణ న్యాయమైనదే: రహస్యము దాచుట, కొడుకును కాపాడుట, చెడుపని నెమ్మదిగా చేయుట. వానిలో ఆంహెలా మాత్రము వేఱు. సేవకురాలికి మాట తక్కువ కావలయునను నియమము ఆమెకు మరల ఆ పూర్వపు నిశ్శబ్దమును అందుబాటులోనికి తెచ్చినది. గదిలో ఆజ్ఞలు వినుచు నిలుచుండియే ఆమె ఆ గదినంతయు శాసించును.

ఇదే కాలమున, 2011 నుండి 2020 వఱకు, ప్రభుత్వ టెలివిజనులో శనివారము మధ్యాహ్నములందు పాత చిత్రములను చూపు ‘సినే దే బార్రియో’ కార్యక్రమమునకు ఆమెయే వ్యాఖ్యాత్రి. విమర్శకులు అటకెక్కించిన లెబ్లాంకు హాస్యచిత్రములు, ఎస్కోబారు పాటల చిత్రములు మరల మరల ప్రసారమగుచుండెను. వానిని ప్రేక్షకులకు పరిచయము చేయునామె తెరేసాగా నటించిన నటి. ఆమె వానికి సిగ్గుపడలేదు, వానిని పొగడుటకును పూనుకొనలేదు. ఆ కాలపు కష్టమును, తోడినటుల పేర్లను, జీతముల స్వల్పతను చెప్పుకొనుచు పోయినది.

రంగస్థలము కడవఱకు నిలిచినది. 2013లో మేరిదా నగరపు రోమను నాటకశాలలో హెకూబాగా, 2016లో హెరార్దో వేరా దర్శకత్వమున ఎర్నెస్తో కబయేరో వ్రాసిన ‘రేయ్నా హువానా’లో ఏకపాత్రగా నటించినది. పిచ్చిదన్న పేర నలువదియాఱేండ్లు బందీగా నుండి 1555లో తోర్దేసియాస్‌లో మరణించిన రాణి కడపటి రాత్రి దాని వస్తువు. ఆ తోర్దేసియాస్ వెలాస్కో పుట్టిన వయ్యదోలిద్ మండలముననే యున్నది. డెబ్బదియాఱేండ్ల వయస్సున ఒంటరిగా రంగముపై అంతసేపు నిలుచుటకు కంఠము మాత్రమే చాలదు. 2021 సెప్టెంబరులో, తన కుమారుడు వ్రాసిన ‘మరియా గది’ అను నాటకమును లొగ్రోన్యో పట్టణమున ప్రదర్శించి రంగమునుండి విరమించినది. 2023 డిసెంబరు 2న కన్ను మూసినది. ప్రజల దర్శనార్థము ఆమె భౌతికకాయమును మాద్రిదునందు రెవిస్తాలకు పేరుపొందిన లా లతీనా నాటకశాలలో ఉంచి, పిమ్మట వయ్యదోలిదుకు కొనిపోయి అచటి ప్రముఖుల సమాధిస్థలమున ఖననము చేసిరి.

ఈ వాదమును స్వయముగా పరీక్షింపగోరు పాఠకుడు అఱువదేండ్ల పనినంతటిని గాలింపవలసిన అవసరము లేదు. ‘లోస్ త్రాంపోసోస్’, ‘తోర్మెంతో’, ‘పిం, పాం, పుం... ఫుయేగో’, పిదప ‘తెరేసా’ ధారావాహికలోని ఆశ్రమస్థాపన భాగములు, ఈ క్రమమునే చూచుట మేలు. ఒకసారి కథకొఱకును, మఱియొకసారి ధ్వనిని తగ్గించి ఆమె నడకకొఱకును.